బొట్టు పెట్టిన డబ్బా

మా ఆయన పేరు ఖలందర్. మొగుని పేరు నోటితో పలికేది మా ఇండ్లల్లో లేదు. పలికితే మా అత్త గోరీలో నుంచి లేచొచ్చి తిడతాదేమోనని నాకు ఇప్పటికీ బెదురే. కానీ ఆయప్ప కథ చెప్పాలంటే పేరు చెప్పకుండా ఎట్ల కుదురుతుంది? ఆదోని పత్తి యార్డులో వేలం పాడిన ఖలందర్ అంటే దేవనకొండ రైతులకూ తెలుసు, హొళగుంద రైతులకూ తెలుసు. ఈ మూల నిలబడి ధర పాడితే ఆ మూల బండి కింద పండుకున్న మనిషి లేచి కూచునేవాడు. అట్లాంటి గొంతు. ఇంటికొస్తే మాత్రం కూరలో ఉప్పు తక్కువైందన్న మాట కూడా నేను గుచ్చి గుచ్చి అడిగితేనే బయటికొస్తాది. ఊరికి పాట, పెండ్లానికి గొణుగుడు. నేను షరీఫా బీని. ఆ గొణుగుడు పెండ్లైనప్పటి నుంచి వింటానే ఉండా.

ఇప్పుడు యార్డు మానేసి ఇంటి ముందర బండ మీద కూచుంటాడు. దోవన పోయేటోడు ఎవడన్నా "ఏం పని చేసినావు తాతా" అని అడిగితే యార్డు సంగతి ఎత్తనే ఎత్తడు. "నేను బొమ్మకు మాట చెప్పినోణ్ణి" అంటాడు. అడిగినోడు బిత్తరపోతాడు. అంతే, ఇంక వాడు దొరికిపోయినట్లే. ఆ కథ అయిపోయేదాకా వాని టీ చల్లారిపోవాల్సిందే.

కథ ఏందంటే, మా వయసులో ఈ పక్కంతా తిక్కయ్య డేరా టాకీసు తిరిగేది. ఎమ్మిగనూరు జాతరకు ఒక చోట, జొన్న కోతలైనాంక హొళగుందలో ఒక చోట, నది పక్క మాధవరంలో ఒక చోట. గుడారం కొట్టి, నడుమ గుడ్డ కట్టి, ఆడోళ్లను ఒక పక్క, మొగోళ్లను ఒక పక్క కూచోబెట్టేవాళ్లు. కూలికి పోయినోళ్లు ఇల్లు చేరి, రొట్టె తిని, పిల్లల్ని చంకనేసుకోని వచ్చేదాకా అసలు సినిమా మొదలుపెట్టేవాళ్లు కాదు. ముందొచ్చినోళ్లు ఊరుకుంటారా? ఈలలు, కేకలు. వాళ్ల నోళ్లు ముయ్యనీకి ఒక చిన్న నవ్వుల బొమ్మ వేసేవాళ్లు.

ఆ బొమ్మ దొరల దేశంలో తీసింది. బొమ్మలకు కొత్తగా మాటలొచ్చిన కాలందంట, మేమింకా పుట్టనే లేదు. డబ్బాకొక రీలు చొప్పున రెండు డబ్బాల బొమ్మ. తిక్కయ్య బళ్లారిలో పాత రీళ్లమ్మే అంగట్లో కొనుక్కొచ్చినాడు. అప్పటికే అరిగి అరిగి, మాట వినబడాల్సిన చోట పెనం మీద జొన్నలు వేయించినట్లు చిటపటమనేది. వినబడినా ఏం లాభం, ఇంగ్లీషే కదా. మా ఆయన అప్పుడు బండి మీద మైకు పెట్టుకోని ఊరూరా సినిమా చాటేవాడు. తిక్కయ్య ఆ చిటపట ఆపించి, మైకు ఈయన చేతికిచ్చి, "నీకు తోచింది చెప్పు సాయిబూ, జనం నవ్వితే చాలు" అన్నాడంట.

ఇంకొక సంగతి. తిక్కయ్య ఏ కొత్త బొమ్మ తెచ్చినా టెంకాయ కొట్టి, పైన ఉన్న డబ్బాకు కుంకుమ బొట్టు పెట్టేవాడు. బొట్టు పెట్టిన డబ్బా ముందు ఆడాల. అది ఆ డేరాలో చట్టం. డబ్బా మీద ఇంగ్లీషులో ఏం రాసినారో ఆ డేరాలో ఎవరికీ చదవరాదు, బొట్టు మాత్రం అందరికీ కనబడతాది.

బొమ్మలో ఒక పొడుగాటి మీసాలోడు. వానికి మా ఆయన తిప్పన్న అని పేరు పెట్టినాడు. వాని పెండ్లాము, వాని అత్త. అంతే మనుషులు. మొదలే రభస. తిప్పన్న గోడకు మేకు కొడతాడు. గోడ పగిలి నీళ్ల పైపు చిమ్ముతాది. దాన్ని ఆపబోతే పొయ్యి పడతాది. దాంతోపాటే పై అంతస్తులో తొట్టిలో స్నానం చేసే అత్త తొట్టితో సహా కిందికొస్తాది. ఆఖరికి గోడలన్నీ తలా ఒక పక్క పడిపోయి, తలుపొకటే నిలబడుకోని ఉంటాది. పెండ్లాము సంచి పట్టుకోని, చుట్టూ అంతా బయలే అయినా, ఆ తలుపే తీసుకోని బయటికి పోతాది. ఇదీ బొట్టు పెట్టిన డబ్బా.

రెండో డబ్బా ఎక్కించినాంక తెర మీద ఇంగ్లీషు అక్షరాలు ఒకదాని తర్వాత ఒకటి వచ్చేవి. మా ఆయన ఊరుకుంటాడా? "ఇల్లు కూలిన తిప్పన్నకు సాయం చేసిన పుణ్యాత్ముల పేర్లు" అని అందుకునేవాడు. ఏ ఊర్లో ఉంటే ఆ ఊరోళ్ల పేర్లే. ఫలానా రెడ్డి దూలాలు ఇచ్చినాడు, ఫలానా శెట్టి సున్నం ఇచ్చినాడు, చాకలి హులిగమ్మ రెండు దినాలు మట్టి మోసింది అని చదువుతాంటే డేరా ఎగిరిపోయేది. జనమంతా మా పేరు చదువు, మా పేరు చదువు అని మీద పడేవాళ్లంట. ఆ తర్వాత చూస్తే ఇల్లు కొత్తగా మెరుస్తాంటాది. పెండ్లాము తిరిగొచ్చేసి ఉంటాది. మొగుడూ పెండ్లాము ఎదురెదురు కూచోని నవ్వుకుంటా తింటాంటారు. గిన్నెలు పెట్టుకోను ఒక పలక కొట్టియ్యమని ఆమె అడుగుతాది, వాడు సుత్తి ఎత్తుతాడు, అంతటితో అయిపోతాది. అందరూ కడుపు నిండా నవ్వి, ఇల్లు నిలబడిందని మనసు నిమ్మళంగా అసలు సినిమాకు కూచునేవాళ్లు.

మా ఆయనకు ఆడగొంతు రాదు. ఒకసారి చెయ్యబోతే మేక అరిచినట్లొచ్చిందంట. అందుకని పెండ్లాము మాట్లాడాల్సిన చోట ఈయన మైకు పక్కకు పట్టుకోని ఆగేవాడు. గుడ్డకు ఈ పక్క నుంచి ఆడోళ్లు ఎవరికి తోచింది వాళ్లు అరిచేవాళ్లు. తిప్పన్న ఒకటి అంటే ఆడోళ్లు పది అనేవాళ్లు. మొగుళ్ల మీద ఉండే కసి అంతా ఆడ తీర్చుకునేవాళ్లు. డేరా ఏ ఊరికి పోతే ఆ ఊరి ఆడోళ్లకు ఇది అలవాటైపోయింది.

నాది హొళగుంద. మా ఇల్లు నా చిన్నప్పుడే వానకు కూలిపోయింది. కడతా కడతా అంటానే మా అబ్బా కాలం గడిపేసినాడు. మా అమ్మ మా మేనత్త పంచన, ఆయమ్మ మాటలు పడుకుంటా, గిన్నెలు గోడవార పెట్టుకోని బతికింది. కోపం రాదా నాకు? ఇల్లు కూల్చుకునే మొగోణ్ణి చూస్తే ఒళ్లు మండేది. నాకు పెండ్లీడొచ్చిన యేడు డేరా వచ్చినప్పుడు మా అమ్మతో పాటు పోయినా. తెర మీద ఇల్లంతా పడిపోయింది, ఆమె సంచి పట్టుకోని తలుపు తీసింది. మైకులో తిప్పన్న బతిమలాడతాండాడు, పోవద్దే, ఇల్లు మళ్లీ కడతానని. నా పక్కనున్నోళ్లు నీ మొగానికి ఇల్లొకటా అని నవ్వుతాండారు. నాకు నవ్వు రాలేదు. లేచి నిలబడి అరిచేసినా.

"ముందు కట్టు. కట్టినాంక కబురంపు. వచ్చి చూసి, బాగుంటేనే లోపలికొస్తా."

మైకు మూగపోయింది. బొమ్మ దాని పాటికి అది ఆడతాంది, తిప్పన్నకు మాటే లేదు. గుడ్డకు ఆ పక్క మొగోళ్లు ఒకటే నవ్వు. కాసేపైనాంక రెండో డబ్బా ఎక్కింది. పేర్లు చదివినాడు, ఇల్లు లేచింది, ఆమె తిరిగొచ్చి కూచుంది. నాకైతే కండ్లల్లో నీళ్లు తిరిగినాయి. కట్టినాడే, ఒక మొగోడు కట్టినాడే అనుకున్నా. మరుసటి దినమే ఖలందర్ వాళ్ల అమ్మ మల్లెపూలు, చక్కెర పట్టుకోని నన్ను అడగనీకి మా మేనత్త పంచకు వచ్చింది. మా అబ్బా నన్ను పిలిచి ఆ నోటితో ఏమన్నావే అని తిట్టి, మళ్లా ఆయనే నీ ఇష్టమేందని అడిగినాడు. ఇష్టమే అన్నా. ఆ గొంతును చూసి కాదు. ఆ బొమ్మను చూసి.

పెండ్లైనాంక కొన్నేండ్లకే డేరాలు పోయినాయి. తిక్కయ్య పోయినాడు. ఈయన ఆదోని యార్డులో చేరినాడు. ఒక వానాకాలం మా మట్టి మిద్దె కూడా కూలింది. నేను పిల్లోణ్ణి ఎత్తుకోని బయట నిలబడి ఏడుస్తాంటే, "బొమ్మలో తిప్పన్న కట్టలేదా, నేను కట్టలేనా" అని గొణిగినాడు. యార్డు నుంచి వచ్చి రోజూ రాళ్లు మోసినాడు. భుజాలు కాయలు కాచిపోయినాయి. ఇప్పుడు మేముండేది ఆ ఇంట్లోనే. బండలు పరిచిన రెండు గదులు. గిన్నెలు పెట్టుకోను గోడకు పలక కూడా కొట్టిచ్చినాడు, తాను కొట్టకుండా వడ్రంగాయనతో కొట్టించినాడు, అంతవరకు తెలివిగల్లోడే.

ఇంక ఇప్పటి సంగతికొస్తా. ముస్రత్ నా కొడుకు బిడ్డ. ఎమ్మిగనూరులో ఒక బడిలో కంప్యూటర్ చెప్తాది. దాని దాదా, అంటే మా ఆయన, చెప్పే తిప్పన్న కథ పుట్టినప్పటి నుంచి వినీ వినీ, అసలు ఆ బొమ్మ యాడన్నా ఉందేమోనని ఫోన్లో వెతుకుతా ఉండింది. మీసాలోడు, తొట్టిలో అత్త, నిలబడిపోయిన తలుపు అని రాసి రాసి ఆఖరికి పట్టేసింది. మాటలతో సహా, కొత్తగా కడిగినట్లుండే బొమ్మ. దాదాకు చెప్పలేదు. ఎండాకాలం సెలవుల్లో ఒక ఆదివారం మధ్యాహ్నం బడి హాల్లో వేస్తామని, అప్పటి డేరా చూసిన ముసలోళ్లందరినీ పిలిచేసింది. దాదాను మైకు ముందర కూచోబెట్టాలని దాని ఆశ.

ముందు దినం ఆయన నమాజుకు పోయినప్పుడు నాకు ఫోన్లో చూపించింది. చూస్తానే ఏదో తేడా కొట్టింది. ముందే పేర్లొచ్చినాయి. తర్వాత కొత్త ఇల్లు, భోజనం, పలక, సుత్తి. ఆ సుత్తి దిగింది. ఆ తర్వాత కూలేదంతా కూలింది. తలుపు మిగిలింది, ఆమె సంచి పట్టుకోని పోయింది. అయిపోయింది. మళ్లీ కట్టేదేది అని అడిగినా. ముస్రత్ మెల్లగా చెప్పింది. కట్టేది లేదంట దాదీ, ఆమె పోయేదే ఆఖరంట, అప్పట్లో డబ్బాలు తిరగేసి వేసినట్లుండారు అని.

ఆ తిక్కయ్య పై డబ్బాకు బొట్టు పెట్టినాడు కదా. పైనుండింది రెండోది. అంతే, ఇన్నేండ్లు అదే మొదటిదై కూచుంది.

నాకు ముందు మంటెత్తుకొచ్చింది. వాడు కట్టలేదా? ఆమె తిరిగి రాలేదా? లేని ఇంటిని చూసి నేను నిఖాకు తలూపినానా అని. ఆ తర్వాత ఇంకొకటి తోచింది. రేపు హాల్లో మా హొళగుందలో డేరాకొచ్చిన మద్దయ్య ఉంటాడు, సిద్దమ్మ ఉంటాది, ఎమ్మిగనూరు ముసలోళ్లంతా ఉంటారు. అందరి ముందరా బొమ్మ సరిగ్గా ఆడితే, ఈయన మైకు పట్టుకోని కొత్త ఇల్లు చూసి ఏం చెప్తాడు? ఎనభై ఏండ్ల మనిషి. ఈయనకుండే గొప్ప అదొక్కటే. అది నలుగుర్లో నవ్వులపాలైతే ఇంక ఆ బండ మీద కూచోడు, ఎవరికీ కథ చెప్పడు. ఉప్పు తక్కువైందని గొణిగేది కూడా మానేస్తాడు. నాకు అంతకంటే భయం లేదు.

ముస్రత్ చెయ్యి పట్టుకోని చెప్పినా, మాట తీసేసి, వెనక భాగం ముందు వెయ్యమని. అది అబద్ధమవుతాది కదా దాదీ అంది. అయితే అవనీ, మీ దాదా నాకు కావాల అన్నా. నా మొగం చూసి సరేనంది.

ఆదివారం ఆదోనిలో బస్సెక్కినాము. ఈయన కొత్త జుబ్బా వేసుకోని, చెవిలో అత్తరు దూది పెట్టుకోని, పెండ్లికొడుకు మాదిరి కిటికీ పక్క కూచున్నాడు. తిప్పన్న బొమ్మ దొరికిందని పొద్దున్నే ముస్రత్ చెప్పినప్పటి నుంచి దోవంతా గొంతు సవరించుకుంటాండాడు. నేను మాత్రం ఈ దినం సక్కగా గడవాలని దువా చదువుకుంటాండా.

హాలు కిటికీలకు దుప్పట్లు కట్టినారు. నేతగాళ్ల ఊరు, ఎమ్మిగనూరులో దుప్పట్లకు కరువా! ముస్రత్‌తో పాటు బడిలో చెప్పే యేసురత్నం చర్చి నుంచి మైకు పెట్టె తెచ్చిచ్చినాడు. నడుమ గుడ్డ లేకపోయినా ఆడోళ్లు ఒక పక్క, మొగోళ్లు ఒక పక్క వాళ్లంతట వాళ్లే కూచున్నారు. మద్దయ్య కర్ర పక్కన పెట్టి, నా పేరు చదవాల సాయిబూ, ఈసారి మర్చిపోతే ఊరుకోను అన్నాడు.

వెనక భాగం ముందు మొదలైంది. ఈయన మైకు పట్టుకున్నాడు. మొదట గొంతు వణికింది. మేకు దిగినాంక కుదురుకుంది. తొట్టి పడేటప్పటికి అదే పాత ఖలందర్. పండ్లు లేని నోళ్లన్నీ నవ్వుతాండాయి. సిద్దమ్మ నవ్వి నవ్వి కండ్లు తుడుచుకుంటాంది. ఆడోళ్లు తిప్పన్నను పాత బాకీ ఉన్నట్లు తిట్టినారు. ఇంటి గోడలు పడినాయి, పెండ్లాము పోయింది, తెర మీదికి పేర్లొచ్చినాయి. మద్దయ్య సున్నం ఇచ్చినాడు, సిద్దమ్మ మట్టి మోసింది, తిక్కయ్య దూలాలు ఇచ్చినాడు అని చదివినాడు. తిక్కయ్య పేరు దగ్గర గొంతు తగ్గింది. నాకు పానం లేచొచ్చింది. గండం గడిచిందిలే, ఇంక కొత్త ఇల్లొస్తాది, అయిపోతాది అనుకున్నా.

అప్పుడు ఈయన మైకు దించి, బొమ్మ ఆపమని ముస్రత్‌కు చెయ్యి ఊపినాడు.

"ఇది తిరగేసిన బొమ్మ" అన్నాడు, అందరికీ వినబడేటట్లు. "బొట్టు పెట్టింది రెండో డబ్బాకు. రీలు తెగితే అతకనీకొచ్చిన బళ్లారి ఆయన చూసి నాకు చెప్పినాడు. తిక్కయ్యతో అంటే, బొట్టు పెట్టింది మార్చగూడదన్నాడు. అప్పటికి మాట ఖాయమైందే గానీ, నా నిఖా ఇంకా కాలేదు. షరీఫాకు చెప్పుంటే ఆమె వచ్చేది కాదు. అందుకని చెప్పలేదు."

నేను తలెత్తలేకపోయినా. ఈ మనిషికి తెలుసు. రాళ్లు మోసిన దినాల్లోనూ తెలుసు. తిప్పన్న కట్టలేదని తెలిసే, కట్టినాడని చెప్పుకుంటా మోసినాడు.

ఇప్పుడు సరిగ్గా వెయ్యమ్మా, మాట కూడా పెట్టు, ఈ ఒక్క అబద్ధం మోసుకోని పోలేను అని ముస్రత్‌ను అడిగినాడు. అది నా దిక్కు చూసింది. నేను ఊ అన్నా. నాకు ముందే తెలుసని మాత్రం ఎవరికీ చెప్పలేదు, ఆయనకూ చెప్పలేదు.

బొమ్మ మొదటి నుంచి ఆడింది, వాళ్ల మాటలతోనే. ఈయన మైకు ఒళ్లో పెట్టుకోని చిన్నపిల్లోని మాదిరి నోరు తెరుచుకోని విన్నాడు. తిప్పన్న అసలు గొంతు ఇంత సన్నంగా ఉంటాదా అని ఆశ్చర్యపోయి నవ్వినాడు. మేము కూడా నవ్వినాము, భాష తెలీకున్నా. కానీ సుత్తి దిగినప్పటి నుంచి నవ్వు తగ్గతా వచ్చింది. మా అందరికీ ఆ ఇల్లు కావాల. గోడలు పడినాయి. ఆమె సంచి పట్టుకోని తలుపు తీసింది. ఆపమ్మా అన్నాడు ఈయన. బొమ్మ నిలబడిపోయింది. ఆమె ఒక కాలు గడప లోపల, ఒక కాలు బయట.

ఈయన మైకు ఎత్తినాడు. తిప్పన్న గొంతు పెట్టలేదు. ఇంట్లో గొణిగే గొంతే.

"అసలు కథ ఇదే షరీఫా. వాడు కట్టలేదు. పోతావా?"

మైకు పక్కకు పట్టుకోని ఆగినాడు. ఆడోళ్లు ఈసారి వంతు నాకే వదిలేసినారు. అందరూ నా దిక్కే చూస్తాండారు. కోపం ఉండాది నాకు, లేదని ఎందుకు చెప్పాల? కానీ మైకు పట్టుకున్న ఆ చెయ్యి నాకు తెలుసు. రాళ్లు మోసిన చెయ్యి. నా పానమంతా ఆ చేతి మీదనే ఉండాది. ఆయనకు వినబడేటట్లు లేచి నిలబడినా.

"యాడికి పోతానప్పా? ఆ తలుపు ముయ్యి, గాలొస్తాంది."